ఆపా నొక్కిన గుండీ

ముందే చెప్పేస్తున్నాను, నేను దయ్యాలను నమ్మే రకం కాదు. శాలిబండలో మేముండే గల్లీ చివర ఒక పాడుబడ్డ ఇల్లుంది. సందె వేళ అటు పోవద్దని ఇప్పటికీ పిల్లలకు చెబుతారు. చిన్నప్పుడు ఇంట్లో లొల్లి అయినప్పుడల్లా నేను అలిగి ఆ ఇంటి అరుగు మీదే కూర్చునేదాన్ని. అక్కడికైతే ఎవరూ వెతుక్కుంటూ రారు. దోమలు తప్ప నన్ను అక్కడ ఎవరూ పలకరించలేదు.

నాకు తాయెత్తు లేదు. ఇంటి గుమ్మానికి గుమ్మడికాయ కూడా కట్టలేదు. కోపం మాత్రం ఉంది, ఆ సంగతి మా గల్లీలో అందరికీ తెలుసు. ఇదీ కోపంతోనే రాస్తున్నాను. ఎందుకంటే ఈ విషయం ఎవరికి చెప్పినా ఊహ అన్నారు, అలవాటు అన్నారు. ఒకాయన నన్ను అబద్ధాలకోరును కూడా చేశాడు.

నా పేరు సుజాత. హుస్సేనీ ఆలం దగ్గర ఒక సందులో పెళ్లికార్డులు అచ్చువేసే ప్రెస్సు ఉంది. అందులో కంప్యూటర్ మీద కార్డులు కంపోజ్ చేస్తాను. నా పక్క సీటు రజియా ఆపాది. ఆపా అంటే అక్క. నాకంటే చాలా పెద్దది, నాకు పని నేర్పింది ఆమే. ఉర్దూ, తెలుగు రెండూ కంపోజ్ చేస్తుంది. నెమ్మదైన మనిషి అనుకునేరు, కాదు. జుట్టుకు గోరింట పెట్టుకుని, అత్తరు పూసుకుని వచ్చి, పొద్దున మొదటి చాయ్ తాగే లోపలే ఎవరో ఒకరిని తిట్టేది. నాకు ఆమె నచ్చడానికి కారణం అదే అనుకుంటాను.

మా పనిలో ఒక పద్ధతి ఉంది, అది ముందు చెప్పాలి. కార్డు కంపోజింగ్ అయ్యాక, ప్లేటు తయారుచేయడానికి పల్చటి బటర్ పేపర్ మీద అక్షరాలు తిరగేసి ప్రింటు తీస్తాం. అద్దంలో చూస్తే ఎట్లా ఉంటాయో అట్లా ఉంటాయి అక్షరాలు. దాన్ని ఉల్టా ప్రింటు అంటాం. తప్పులు అందులోనే దిద్దుతాం. ఏళ్ల తరబడి ఆ పని చేసీ చేసీ నాకు సీదా అక్షరమైనా ఉల్టా అక్షరమైనా ఒకటే. చదివేస్తాను, అంతే. ఏది సీదానో, ఏది ఉల్టానో నా కళ్లు పట్టించుకోవడం మానేశాయి.

ఇక ఆపా కంప్యూటర్ సంగతి. అది చాలా పాతది. అప్పట్లో ఆ తెర ఎట్లా ఉండేదో వాడినవాళ్లకు గుర్తుంటుంది. వెనకాల నెమలికంఠం రంగు. దాని మీద బూడిదరంగు కిటికీ, కిటికీ నెత్తిన ముదురు నీలం పట్టీ. ప్రతి బటన్‌కూ పైన, ఎడమపక్క తెల్లగీత ఉండేది. కింద, కుడిపక్క నల్లగీత ఉండేది. ఆ గీతల వల్లే బటన్ తెర మీంచి లేచి నిలబడ్డట్టు కనిపించేది. నొక్కితే లోపలికి దిగేది. పేజీని పైకీ కిందికీ జరిపే పట్టీ వేలంత లావుగా ఎప్పుడూ అక్కడే ఉండేది, ఇప్పటిలా దాక్కునేది కాదు.

బటన్‌ను ఆపా గుండీ అనేది. చొక్కాకు ఉండే గుండీలాగానే.

తర్వాత పచ్చటి కొండ, నీలాకాశం బొమ్మతో కొత్త సిస్టం వచ్చినప్పుడు ప్రెస్సులో అందరూ మురిసిపోయారు. ఆపా మాత్రం ఆ కొండను తీయించి పాత బూడిదరంగే మళ్లీ పెట్టించుకుంది. కొండ చూసుకుంటూ కూర్చుంటే కార్డులు ఎవరు చేస్తారని అడిగింది.

అది మంకుతనం అనుకున్నాం. కొన్నేళ్లకు అసలు సంగతి తెలిసింది. ఆపాకు కళ్లలో నీటికాసుల జబ్బు మొదలైంది. రోజూ చుక్కల మందు వేసుకునేది. మనుషుల ముఖాలు ఆనవాలు పట్టడం కష్టమైంది. మెట్లు తడుముకుంటూ ఎక్కేది. కానీ తెర ముందు కూర్చుంటే మాత్రం ముక్కు ఆనించినంత దగ్గరగా పెట్టి పని చేసేసేది. గుండీ పక్కన నల్లగీత ఉంది కదా, దాన్ని పట్టుకుని పోతానని చెప్పింది. వెలుగూ నీడా ఉంటే చాలు, దారి దొరుకుతుందట.

పోయిన రంజాన్ తర్వాత, పెళ్లిళ్లు జోరుగా ఉన్నప్పుడు ఆ కంప్యూటర్ పాడైపోయింది. బాగుచేయడానికి సామాను దొరకదన్నారు. మా యజమాని యూసుఫ్ భాయ్ కొత్తది తెప్పించాడు. అందులో కంపోజింగ్ సాఫ్ట్‌వేర్ కూడా కొత్తదే.

ఆ కొత్త తెర చూసి నాకు ఒళ్లు మండింది. తెల్లటి తెర మీద తెల్లటి కిటికీ, దాని మీద లేత బూడిదరంగు అక్షరాలు. ఏది బటనో, ఏది ఉత్త రాతో తెలియదు. గీత లేదు, నీడ లేదు. తలుపుకు గడియ, పిడి, చౌకట్టు అన్నీ పీకేసి, గోడకు వేసిన రంగే దానికీ పూసి, తోసుకుంటూ వెతుక్కోండి అన్నట్టుంది. నాకు రెండు కళ్లూ బాగానే ఉన్నాయి, నాకే కనిపించలేదు. ఇక ఆపా సంగతి ఏం చెప్పను?

బిగించడానికి వచ్చిన ఇంజనీరును పాత రూపం పెట్టమని అడిగాను. ఇప్పుడు అది రాదు మేడమ్ అన్నాడు. కళ్లు సరిగా లేనివాళ్లకు వేరే ఏర్పాటు ఉందని చెప్పి తెరంతా నల్లగా, అక్షరాలు పచ్చగా చేసి చూపించాడు. పెళ్లికార్డు ఎర్రగా ఉందో గులాబీరంగులో ఉందో కూడా అందులో తెలియలేదు. చావు కబురు పంపుతున్నట్టుందని ఆపా దాన్ని తీయించేసింది. నేను గట్టిగానే అరిచాను. ఉన్నది తీసేయమని మిమ్మల్ని ఎవరు అడిగారన్నాను. ఆయన నవ్వి, మా వయసువాళ్లకు పాతవాటి మీద అట్లాగే ఉంటుందనీ, దాన్ని నోస్టాల్జియా అంటారనీ చెప్పాడు. చెప్పులో రాయి పడితే దులుపుకోవడం కూడా నోస్టాల్జియానేనా?

ఆపా మొదట్లో ఆ తెర ముందు కూర్చుని ఊరికే మౌస్ కదుపుతూ ఉండేది. ఆమె ఎవరినీ తిట్టకపోవడం చూసి నాకు భయం వేసింది. యూసుఫ్ భాయ్ నన్ను పక్కకు పిలిచాడు. చెడ్డవాడు కాదు ఆయన.

"సుజాతా, ఆపా మీద నాకు గుస్సా లేదు. పెండ్లి కార్డుల తప్పొస్తే ఎవలు మోస్తరు? ఈ ఒక్క కార్డు ఆమెనే చెయ్యనియ్యి. అయితే ఉంటది. కాకపోతే నేను వేరే మనిషిని చూసుకుంట" అన్నాడు.

ఆ కార్డు ఒకవైపు ఉర్దూ, ఒకవైపు తెలుగు. పెళ్లికూతురి వాళ్లది వరంగల్. వాళ్లవైపు చుట్టాలకు ఉర్దూ చదవడం రాదు.

మధ్యాహ్నం నమాజు అయిపోయింది. ఎండకు షట్టర్ సగం దించారు. బయట ఆటోల హారన్లు, గాజుల దుకాణం వాళ్ల బేరాలు ఎప్పటిలాగే వినిపిస్తున్నాయి. లోపల ట్యూబులైటు వెలుగుతోంది. ఇవన్నీ ఎందుకు చెబుతున్నానంటే, చీకటిలో భ్రమపడ్డానని తర్వాత అనేవాళ్లు ఉన్నారు కాబట్టి. నేను ఆమె పక్కన స్టూలు వేసుకుని కూర్చున్నాను. సాయం చేస్తానంటే, చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చోమంది. కూర్చున్నాను.

ఉర్దూ వైపు ముందే అయిపోయింది. టైపింగ్ ఆమెకు చూడనక్కర్లేదు, వేళ్లకే వచ్చు. అందులో వింత ఏమీ లేదు. తర్వాత తెలుగు వైపు మొదలుపెట్టింది. కుడిచేత్తో మౌస్ పట్టుకుంది. ఎడమచెయ్యి దుపట్టా కొంగు పట్టుకుని ఒళ్లో ఉంది.

తెర మీద బాణం గుర్తు కదిలి, కార్డుకు పైన ఏమీ లేని తెల్ల జాగాలోకి పోయి ఆగింది. ఆపా నొక్కింది. అక్షరాలు పెద్దవయ్యాయి.

నేనే సరిగా చూడలేదనుకున్నాను. బాణం కాస్త ఎడమకు జరిగింది. అక్కడా ఏమీ లేదు. మళ్లీ నొక్కింది. వరుస కార్డు మధ్యకు జరిగింది. పాత సాఫ్ట్‌వేర్‌లో ఆ చోట్లలో ఆ పనులు చేసే గుండీలే ఉండేవి. కొత్తదాంట్లో అవి కుడి చివర ఎక్కడో మడతపెట్టి ఉన్నాయి. ఆపా అటువైపు ఒక్కసారి కూడా పోలేదు.

ఏం చేస్తున్నావని అడుగుదామని ఆమె ముఖంలోకి వంగి చూశాను. ఆపాది పెద్ద ఫ్రేము, లావు అద్దాల కళ్లజోడు. ఆ అద్దాల్లో తెర పడుతోంది.

అందులో నెమలికంఠం రంగు ఉంది.

బూడిదరంగు కిటికీ ఉంది. దాని నెత్తిన నీలం పట్టీ ఉంది. గుండీలు వరుసగా లేచి ఉన్నాయి, ఒకటి లోపలికి దిగి మళ్లీ పైకి లేచింది. తెర వైపు తిరిగి చూశాను, తెల్లగా ఉంది. మళ్లీ అద్దాల్లోకి చూశాను, పాతదే ఉంది. కిటికీ మధ్యలో కార్డు, కార్డు మీద పెద్దగా శీర్షిక. అది 'ఆహ్వనం' అని ఉంది.

ఇంత వింత కళ్లముందు జరుగుతుంటే నేనేం చేశానో చెబితే మీరు నవ్వుతారు. తప్పు దిద్దాను. అలవాటు మరి.

"ఆపా, ఆహ్వానంల దీర్ఘం పడలే" అన్నాను.

ఆమె దీర్ఘం పెట్టింది. పెట్టి ఆగింది. నా గొంతు తెర వైపు నుంచి కాకుండా తన ముఖం వైపు నుంచి వచ్చిందని గ్రహించినట్టుంది.

"నువ్వు మెషిన్ దిక్కు చూస్తలేవు గదా. ఎట్ల చెప్పినవ్?"

నీ అద్దాల్లో కనిపిస్తోందన్నాను. ఆమె మళ్లీ పనిలో పడింది. కార్డు పూర్తిచేసి, ఏమీ లేని తెల్ల జాగాలో చివరిసారి నొక్కింది. పక్కన ప్రింటరు కదిలింది. మేం తీసిన ఆ కాగితంలో ఒక్క తప్పు లేదు.

ఆమె చాయ్ తాగడానికి లేచినప్పుడు నేను ఆ సీటులో కూర్చుని, అవే చోట్ల, అదే మౌస్‌తో నొక్కి చూశాను. ఏమీ కాలేదు. తెల్ల జాగా తెల్ల జాగాలాగే ఉంది. తర్వాత ఇంజనీరుకు ఫోన్ చేసి అడిగితే, చేతికి పాత అలవాటు ఉంటుంది మేడమ్ అన్నాడు. చేతికి అలవాటు ఉంటుంది, ఒప్పుకుంటాను. అలవాటు ఆమె చేతిని పాత చోటికి తీసుకుపోయింది, అదీ సరే. ఆ చోట ఏమీ లేని కొత్త యంత్రం ఆమె మాట ఎందుకు విన్నది? ఆయనను అదే అడిగాను. మీరు అలసిపోయి ఉంటారన్నాడు.

యూసుఫ్ భాయ్ కార్డు చూసి సంతోషపడ్డాడు. ఆపా ఉంటుందన్నాడు. అంతటితో ఊరుకుంటే బాగుండేది. సంతోషం ఎక్కువై, ఆపాకు కొత్త కళ్లజోడు ఇప్పిస్తానని పట్టుబట్టి, మమ్మల్నిద్దరినీ కారులో కళ్ల డాక్టరు దగ్గరికి తీసుకుపోయాడు.

డాక్టరు వేళ్లు చూపించి ఎన్ని అని అడిగాడు. ఆపా తెలియదంది. కంట్లో లైటు వేసి, వెలుగుతోందా అని అడిగాడు. ఆపా తెలియదంది. డాక్టరు చాలాసేపు చూసి, రెండు కళ్ల నరాలూ ఎండిపోయాయన్నాడు. ఇది నిన్న మొన్నటిది కాదు, నెలల నాటిది, ఇక కళ్లజోడుతో పని లేదన్నాడు.

యూసుఫ్ భాయ్ బిత్తరపోయి, పోయిన వారమే ఈమె కంప్యూటర్ మీద కార్డు చేసిందని చెప్పాడు. డాక్టరు అది జరగదన్నాడు. పక్కనున్నవాళ్లు జాలితో చేసిపెట్టి ఇట్లాంటివాళ్ల పేరు చెబుతుంటారంటూ నా వైపు చూశాడు. నా చేతులు ఒళ్లో ఉన్నాయని నేను చెప్పాను. గట్టిగానే చెప్పాను. బయట కూర్చున్న పేషెంట్లు తొంగి చూసేంత గట్టిగా చెప్పాను. గొంతు పెంచినకొద్దీ నా మాట అబద్ధంలాగే వినిపించిందని ఆయన ముఖంలో తెలిసింది.

ఆపా ఒక్క మాటే అంది.

"బయటిది ఏదీ కనపడదు డాక్టర్ సాబ్. గుండీలు కనపడతయ్."

ఆయన ఆమె భుజం తట్టాడు. ఆ తట్టడం గుర్తొస్తే నాకు ఇప్పటికీ మండుతుంది.

మరునాడు యూసుఫ్ భాయ్ ఆపాను ఇంటి దగ్గర ఆరామ్‌గా ఉండమన్నాడు. కళ్లు లేనివాళ్లతో పని చేయిస్తున్నాడని నలుగురూ అంటే ఇజ్జత్ పోతుందట. ఆ కార్డులే తర్వాత అచ్చయ్యాయి, పంచారు, పెళ్లి జరిగింది, వరంగల్ వాళ్లు వచ్చి తిని పోయారు. అయినా కార్డు చేసింది ఆపా కాదట. ఎందుకంటే అది జరగదని డాక్టరు చెప్పాడు. మీ ముందే కూర్చోబెట్టి చూడండి అని నేను యూసుఫ్ భాయ్‌తో కొట్లాడాను. ఆయన సరేననేలోపు ఆపానే వద్దంది. తాను తమాషా చూపించే మనిషిని కాదంది. అత్తరు సీసా, చాయ్ కప్పు సంచిలో వేసుకుని, గోడ పట్టుకుని వెళ్లిపోయింది.

కొన్నాళ్లకు వాళ్లింటికి వెళ్లాను. హుస్సేనీ ఆలంలోనే, మసక మెట్లెక్కి పైన చిన్న వాటా. చెల్లెలి కుటుంబంతో ఉంటుంది. కింద చాప వేసుకుని ఎల్లిపాయలు ఒలుస్తోంది. నేను కూడా కూర్చుని ఒలిచాను. ప్రెస్సు సంగతులు చెప్పాను. కొత్తగా వచ్చినాయన ఉర్దూలో చుక్కలు ఎగరగొడుతున్నాడంటే, ఆమె చాలా రోజుల తర్వాత తిట్టింది. నాకు ప్రాణం లేచొచ్చింది.

కాసేపటికి చేతులు ఆపి అడిగింది.

"ఆ దినం నా అద్దాలల్ల నీకు అక్షరాలు కనపడ్డయ్ గదా. సీదానా, ఉల్టానా?"

ఉల్టానే అని చెప్పబోయాను. అద్దంలో పడ్డ అక్షరం ఉల్టాగానే ఉంటుంది, అందులో అడగడానికేముంది? అంతలో ఆ శీర్షిక గుర్తొచ్చింది.

'ఆహ్వనం'లో న అక్షరం నాకు కళ్లకు కట్టినట్టు గుర్తుంది. దాని తలకట్టు తోక కుడివైపుకు లేచి ఉంది. ఉల్టా ప్రింటులో ఆ తోక ఎడమకు ఉంటుంది, రోజూ చూసేదే కదా. నా కళ్లకు రెండూ ఒకటే కాబట్టి ఆ రోజు చదివేశాను, తప్పు దిద్దేశాను. ఏ పక్కకు ఉందో ఆలోచించనే లేదు.

"సీదా ఉండె ఆపా" అన్నాను.

ఆమె తల ఊపింది. ఎల్లిపాయ తీసుకుని మళ్లీ ఒలవసాగింది.

"అయితే అది మెషిన్ల నుంచి పడ్డది కాదు. నాదే" అంది.

ఇప్పుడు కూడా కనిపిస్తోందా అని అడిగాను.

"మెషిన్ ముంగట కూసుంటెనే కనపడతది సుజాతా. ఇంట్ల అంత చీకటే."

ఇంటికి వచ్చి చేతి అద్దం ముందు ఫోన్ తెర పెట్టి, వంచి, తిప్పి, ఎన్ని తీర్ల చూడాలో అన్ని తీర్లా చూశాను. ప్రతిసారీ అక్షరం ఉల్టాగానే పడింది. ఇంకెట్లా పడుతుంది? ఆ మధ్యాహ్నం సీదాగా ఎందుకు ఉందో నాకు తెలియదు. ఆ యంత్రం ఏమీ లేని చోట నొక్కితే ఎందుకు కదిలిందో తెలియదు. దయ్యాలను నేను ఇప్పటికీ నమ్మను. దీన్ని ఏమనాలో కూడా తెలియదు.

పోయిన వారం యూసుఫ్ భాయ్ దగ్గరికి వెళ్లి ఒక్కటే అడిగాను. జీతం వద్దు, కార్డులు వద్దు, పని అయిపోయాక రోజూ కాసేపు ఆపాను ఆ కంప్యూటర్ ముందు కూర్చోనివ్వమన్నాను. పని లేనప్పుడు, కళ్లు లేనప్పుడు, అక్కడ కూర్చుని ఏం చేస్తుందని అడిగాడు.

చూస్తుందన్నాను.